కోనసీమకి కొబ్బరికాయ పార్సెలు

హైదరాబాదు,
9 జూన్ 1986.

ముక్తేశ్వరం వాస్తవ్యులు, గౌరవనీయులు రాజేశ్వరమ్మ గారికి గౌరీశంకరం నమస్కరించి రాయునది.

మీరు నన్ను మరిచిపోయి ఉండరు. 1959లో మీ అత్తగారు సత్యనారాయణమ్మ గారి కాసులపేరు పోయినప్పుడు మీ ఇంటికి వచ్చి, మూడు రోజుల్లో దొంగను పట్టిన సబ్ ఇన్‌స్పెక్టరును నేనే. ఆ కేసుతో నాకు పేరొచ్చింది. ఆ పేరుతో డిటెక్టివ్ విభాగానికి వెళ్ళాను. రెండేళ్ళ క్రితం డిప్యూటీ సూపరింటెండెంటుగా రిటైరయ్యాను.

రిటైరయ్యాక గులాబీ మొక్కలకు నీళ్ళు పోసుకుంటూ కూర్చునే రకం కాను. నిజంగా జరిగిన నేరాల మీద టీవీ కోసం డాక్యుమెంటరీలు తీసే సంస్థ ఒకటి నన్ను సలహాదారుగా పెట్టుకుంది. దొంగ కిటికీలోంచి ముందు తల దూర్చాలా కాలు దూర్చాలా, పోలీసు టోపీ ఎంత వాలి ఉండాలి, శవం ఎటు తిరిగి పడి ఉండాలి, ఇవన్నీ చెప్పేది నేనే. మొదటి భాగానికి మీ కేసునే ఎన్నుకున్నాను. పేరు 'అటక మీద అడుగు'.

కథ ఒకసారి గుర్తుచేస్తాను. మీ అత్తగారికి హఠాత్తుగా పక్షవాతం వచ్చి మాట పడిపోయింది. ఆ హడావిడిలో పెట్టె తెరిస్తే కాసులపేరు లేదు. నేను వచ్చాను. వంటింటి సున్నపు గోడ మీద, అటక కింద, మసి పాదముద్ర కనిపించింది. వేళ్ళు విసనకర్రలా విచ్చుకుని ఉన్నాయి. అది చెట్లెక్కే కాలు. కింద, అటక మీంచి జారిపడిన, పీచు వలవని డొక్క కొబ్బరికాయ ఒకటి. దాని నడుముకు తాడు, తాడుకు ఒక గట్టి ముడి. ముడి చూడగానే మీ తోటలో చెట్లెక్కి దింపు తీసే ఏలీయా పని అని తేల్చాను. రెండు రోజులు స్టేషనులో కూర్చోబెడితే ఒప్పుకున్నాడు. సొత్తు కాలవలో పారేశానన్నాడు. నాలుగు నెలల శిక్ష పడింది.

ఆగస్టులో మా యూనిట్టు మీ ఇంటికి వచ్చి ఆ దొంగతనాన్ని మళ్ళీ జరిపిస్తుంది. మీ అనుమతి కోరుతున్నాను.

భవదీయుడు,
కె. గౌరీశంకరం,
డిప్యూటీ సూపరింటెండెంట్ ఆఫ్ పోలీస్ (రిటైర్డు),
నేరపరిశోధన సలహాదారు.

తా.క. ఆ కొబ్బరికాయను కేసు ముగిశాక ఎవరూ అడగలేదు. వార్నిష్ వేయించి నా షోకేసులో పెట్టుకున్నాను. మా ఇంటికి వచ్చినవాళ్ళెవరూ దాన్ని చూడకుండా వెళ్ళలేరు. నేను వెళ్ళనివ్వను.

❖

ముక్తేశ్వరం,
17 జూన్.

గౌరీశంకరం గారికి రాజేశ్వరమ్మ చెప్పి రాయించడం ఏమంటే, ఇక్కడ మేమంతా క్షేమంగానే ఉన్నాం, మీ ఉత్తరం వచ్చేదాకా.

నాకు చదువు రాదు. మా పోస్టుమాస్టరు మాణిక్యాలరావు రాస్తున్నాడు. ఇతను మరీ మర్యాదస్తుడు. ఒకసారి మా ఆడపడుచుకి 'నీ మొహం నాకు చూపించకు' అని రాయమంటే, 'తమ రాక కోసం కళ్ళు కాయలు కాసేలా చూస్తున్నాం' అని రాశాడు. ఆవిడ పిల్లాజెల్లాతో దిగి నెల్లాళ్ళుంది. అప్పుడు ఇతని చేత ఒట్టు వేయించుకున్నాను. నా నోట్లోంచి ఏది ఊడిపడితే అది రాయాల్సిందే. ఒసే వెంకటలక్ష్మీ, గేదె తాడు తెంపుకుంది చూడవే!

(పనమ్మాయికి వేసిన ఈ కేక కూడా ఒట్టులో భాగమేనండి. — మాణిక్యాలరావు.)

ఇన్‌స్పెక్టరు గారూ, ఏలీయా తియ్యలేదు. ఆ మాట అప్పుడే చెబుదామని మూడుసార్లు వసారాలోకి వచ్చేను. మూడుసార్లూ "ఆడవాళ్ళు లోపలికెళ్ళండమ్మా" అన్నేరు. మూడోసారి కాఫీ అడిగేరు. ఇచ్చేను. తాగేరు. నా మాట మాత్రం వినలేదు. ఆ వాంగ్మూలం ఇంకా నా దగ్గరే ఉంది. చల్లారలేదు.

ఏలీయాకి ఇప్పుడు డెబ్బై దాటేయి. జైలునుంచి వచ్చిన రోజు మొదలు ఈ రోజు దాకా మా గేటు లోపల కాలు పెట్టలేదు. కాయలు దడి అవతలే రాసి పోయించి, "అమ్మగారూ, కాయలండీ" అని కేకేస్తాడు. మజ్జిగ ఇచ్చినా దడి మీంచే. ఎందుకురా అంటే, "మళ్ళీ ఏదన్నా పోతే మీకూ ఇబ్బందండీ, నాకూ ఇబ్బందండీ" అంటాడు. ఆ సంగతి వాడి మనవలకి తెలీదు. ఊళ్ళో సగం మంది మరిచిపోయేరు, మిగతా సగం పోయేరు. ఇప్పుడు మీరు టీవీలో వేస్తే, టీవీ ఉన్న మిల్లువారి అరుగు మీద ఊరంతా కూచుని చూస్తుంది. వాడి మనవలు ముందు వరసలో కూచుంటారు. ఆ బొమ్మ పడడానికి వీల్లేదు. పడితే నిజం పడాలి.

ఇంక, దొంగతనం మళ్ళీ జరిపిస్తామన్నేరు. ఇరవయ్యేడేళ్ళ కిందట ఒకసారి జరిగింది చాలదా? ఇప్పుడు మా ఇంట్లో ఎత్తుకుపోయేవి ఒక రోలూ, ఒక గేదే. గేదె ఈనింది, ఇవ్వను. రోలైతే ఆలోచిస్తాను.

ఇట్లు,
రాజేశ్వరమ్మ (వేలిముద్ర).

తా.క. దొంగ ఏ పూటకి వస్తాడో ముందే రాయండి. పోలీసుకి కాఫీ ఇచ్చి దొంగని పస్తు పడుకోబెట్టేరన్న మాట మాకొద్దు. నీచు తింటాడో తినడో కూడా రాయండి.

❖

హైదరాబాదు,
28 జూన్.

రాజేశ్వరమ్మ గారికి గౌరీశంకరం నమస్కారములు. మీ వేలిముద్ర అందింది. చాలా స్పష్టంగా ఉంది. వృత్తిరీత్యా అభినందించకుండా ఉండలేకపోతున్నాను.

మీరు పొరపాటు పడ్డారు. నిజంగా దొంగతనం జరగదు. ఒక నటుడు దొంగలా నటిస్తాడు. కాసులపేరు కూడా గిల్టుది, మేమే తెచ్చుకుంటాం. నటుడు మాంసాహారి.

ఏలీయా విషయంలో మీ జాలిగుండెను అర్థం చేసుకోగలను. కాని వాడి ఒప్పుకోలు ఫైల్లో ఉంది. పని వాళ్ళ మీద ఇల్లాళ్ళు చూపే ఇలాంటి అభిమానాన్ని నా సర్వీసులో చాలా చూశాను.

ఇక పని మాట. ఇల్లు 1959లో ఎలా ఉందో అలా ఉండాలి. కరెంటు బల్బులు, ప్లాస్టిక్ బిందెలు, రేడియో తీయించండి. అటక మీద కొబ్బరికాయలు నింపించండి. గోడకు సున్నం వేయించి, కాస్త మసి పట్టించండి. మీకు కూడా ఒక పాత్ర ఉంది. మీరు గుమ్మం చాటున నిలబడి ఏడుస్తుంటారు. మాటలు లేవు.

అసలు సన్నివేశం మీ అత్తగారిది. మాట పడిపోయిన ఆవిడ ఒంటి చేత్తో పైకి చూపించారు. తర్వాత ఆ చేతినే గుప్పిట చేసి, చెవి దగ్గర పెట్టుకుని ఊపారు. మీ ఇంట్లో ఒక్కరికీ అర్థం కాలేదు. 'పైన చప్పుడు విన్నాను' అని ఆవిడ చెబుతున్నట్టు నేనే గ్రహించాను. దొంగ అటక మీదికి వచ్చాడని దానివల్లే తెలిసింది. ఈ ఒక్క సంగతి మీద నేను పోలీసు ట్రైనింగులో ఆరేళ్ళు పాఠం చెప్పాను.

భవదీయుడు,
కె. గౌరీశంకరం,
డి.ఎస్.పి. (రిటైర్డు).

తా.క. ఏడ్చేటప్పుడు చప్పుడు రాకుండా ఏడవాలి. సాధన చేసి ఉంచండి.

❖

ముక్తేశ్వరం,
7 జూలై.

గౌరీశంకరానికి రాజేశ్వరమ్మ రాయించడం. 'గారు' ఉద్దేశపూర్వకంగానే మానేశాను. మాణిక్యాలరావు పెట్టబోతే కలం పట్టుకున్నాను.

మాటలు లేవా? నాకా? ఏడేళ్ళప్పుడు గవదబిళ్ళలు వచ్చినప్పుడు కూడా నేను మాట మానలేదయ్యా. నువ్వెవడివి నా మాటలు తియ్యడానికి?

ఇల్లు 1959లో ఉన్నట్టు పెట్టమన్నావు. సరే. ముందు నా పళ్ళు పట్రా. పోయి పదేళ్ళయిన మా ఆయన్ని పట్రా. కుర్చీలో కూచుని మీసం దువ్వుకుంటూ ఉండాలి కదా ఆయన, నువ్వేమడిగినా "ఆయ్, ఆయ్" అంటూ. ఏలీయాకి పోయిన నాలుగు నెలలు పట్రా. అప్పుడు బల్బులు తీయిస్తాను.

ఇప్పుడు చెవులు రిక్కించి విను. ఆ కాలు నాది.

మా పుట్టిల్లు లంకగ్రామం. పెళ్ళయ్యేదాకా నేను నేల మీద కన్నా చెట్టు మీదే ఎక్కువుండేదాన్ని. మా అత్తగారికి తెలిస్తే పరువు తక్కువని పుట్టింటికి తోలేసేది. ఆవిడ పడిపోయిన పొద్దున్న, అయినవిల్లి విఘ్నేశ్వరుడికి కాయ కొడతానని మొక్కుకున్నాను. ఇంట్లో చూస్తే కాయ లేదు, నిచ్చెన లేదు. అటక మీద కురిడీకి ఎండబెట్టిన కాయలున్నాయి, వాటిల్లో నీళ్ళున్నదొకటి దొరక్కపోతుందా అని పొయ్యి గట్టు మీద కాలేసి, గోడని తన్నిపెట్టి ఎక్కేను. తడుముతుంటే ఒక కాయ జారి కింద పడింది. కిందపడ్డ కాయ దేవుడికి పనికిరాదు కదా, దాన్ని అలాగే వదిలేసి ఇంకోటి తీసుకుపోయేను. నేను గుడినుంచి వచ్చేసరికి నువ్వు గోడ ముందు చతికిలబడి భూతద్దంతో నా కాలు చూస్తున్నావు.

ఇదే చెబుదామని వచ్చేను. కాఫీ అడిగేవు.

నా మాట నమ్మవని తెలుసు. అందుకని కుడి పాదానికి పసుపు రాసుకుని ఈ కాగితం మీద అద్దేను. ఆ రోజు గోడ మీంచి కాగితానికి దించుకున్నావు కదా, ఆ ముద్ర పక్కన పెట్టి చూసుకో.

ఇట్లు,
రాజేశ్వరమ్మ (వేలిముద్ర, కాలిముద్ర).

తా.క. ఏడుపు సాధన చేశాను. చప్పుడు లేకుండా రాదు. గేదె బెదిరింది.

(అమ్మగారి పాదం టెలిగ్రాం ఫారానికి పట్టలేదండి. రెండు అంటించాను. పసుపు తడి ఆరక ఉత్తరం బరువెక్కి, స్టాంపు ఎక్కువ పడింది. — మాణిక్యాలరావు.)

❖

హైదరాబాదు,
16 జూలై.

రాజేశ్వరమ్మ గారికి,

నమస్కారం పెట్టాలో వద్దో తేల్చుకోలేక ఈ ఉత్తరాన్ని ఇలా మొదలుపెడుతున్నాను.

మీ పాదాన్ని నా పాత కాగితం పక్కన పెట్టి చూశాను. భూతద్దంతో చూశాను. దారంతో కొలిచాను. చిటికెన వేలి వంపుతో సహా సరిపోయింది. రాత్రంతా ఆలోచించి తెల్లారేసరికి నిజం గ్రహించాను.

దొంగ మీరే.

ఇరవయ్యేడేళ్ళు నా కళ్ళు కప్పారు! గుడికి వెళ్ళినట్టు వెళ్ళడం, కాఫీ ఇవ్వడం, ఎవరో అమాయకుడు జైలుకి పోతే దడి మీంచి మజ్జిగ పొయ్యడం, అబ్బ! ఎంత చల్లని నేరబుద్ధి! అత్తగారు పైకి చూపించింది కూడా మిమ్మల్నే. 'కోడలు అటకెక్కింది, చప్పుడు విన్నాను' అని ఆవిడ మొత్తుకున్నారు. ఇన్నాళ్ళకి ఆ ఆత్మకు శాంతి.

డైరెక్టరు గారు ఎగిరి గంతేశారు. కార్యక్రమం పేరు 'కోడలి కాలు' అని మార్చేశాం. మీ పాత్ర పెరిగింది. ఇప్పుడు బోలెడు మాటలున్నాయి.

భవదీయుడు,
కె. గౌరీశంకరం, డి.ఎస్.పి. (రి).

తా.క. దయచేసి పరారీ కావద్దు. యూనిట్టుకి రైలు టిక్కెట్లు కొనేశాం.

❖

ముక్తేశ్వరం,
25 జూలై.

గౌరీశంకరానికి దొంగ రాజేశ్వరమ్మ రాయించడం.

నీ ఉత్తరాన్ని మాణిక్యాలరావు పోస్టాఫీసులో పదిమంది ముందు గట్టిగా చదివేడు. 'దొంగ మీరే' అన్నచోట గొంతు కూడా మార్చేడు. మర్నాడు వడియాలు పెట్టడానికి అచ్చాయమ్మ ఇంటికి వెళితే ఒక్కదాని ఒంటి మీద నగ లేదు. అచ్చాయమ్మ ముక్కుపుడక తీసి బుగ్గన పెట్టుకుంది. పొద్దున్నుంచి సాయంత్రం దాకా అడిగినదానికల్లా "ఊఁ" అంది. ఆ ముక్కుపుడక నా పెళ్ళయి ఈ ఊరొచ్చిన నాటి నించీ చూస్తున్నాను, తొంబై శాతం రాగి.

ఏలీయాకి కూడా తెలిసింది. దడి దగ్గరికి వచ్చి తలపాగా తీసి నిలబడ్డాడు.

"అమ్మగారూ, ఆ కాలు మీదని రాసేరంట కదండీ?"

"రాయించేను. నాదే కదా."

"ఎందుకండీ ఇప్పుడు? నా నాలుగు నెలలూ ఎప్పుడో అయిపోయేయి. మళ్ళీ మీరు కొత్తగా వెళ్ళడమెందుకండీ? కావాలంటే అలవాటున్నవాణ్ణి నేనున్నాను కదండీ."

నేను ఇంట్లోకి వచ్చేశాను. ఎవర్నీ కేకెయ్యకుండా గేదెకి కుడితి నేనే పెట్టేను. వెంకటలక్ష్మి జ్వరమేమోనని నుదురు పట్టుకు చూసింది.

సరే, గౌరీశంకరం. నన్ను దొంగని చేసుకో. నా మొహం టీవీలో ఎంత పెద్దగా పడుతుందో అంత పెద్దగా వేసుకో. నాకు డెబ్బై ఒకటి, ఇప్పుడు నాకేం సంబంధాలు చూడక్కర్లేదు. కాని ముందు ఒక కాగితం కావాలి. 'ఏలీయా తియ్యలేదు, పొరపాటు నాది' అని నీ చేత్తో రాసి, సంతకం పెట్టి పంపు. దాన్ని వాడి మనవల ముందు మాణిక్యాలరావు చేత చదివిస్తాను. గొంతు మార్చి చదివిస్తాను.

అప్పుడు నేను గట్టిగా అరిచి ఉండాల్సింది. అరవలేదు. అత్తగారు మంచం మీదుంది, చెట్లెక్కే కోడలని ఊరు నవ్వుతుందని మూడోసారి తర్వాత ఊరుకున్నాను. ఆ తప్పు నాది. దొంగతనం నాది కాదు, కాని ఆ తప్పు నాది.

ఇట్లు,
రాజేశ్వరమ్మ (వేలిముద్ర).

తా.క. జైల్లోకి ఆవకాయ జాడీ రానిస్తారో లేదో కనుక్కో. రానివ్వకపోతే నేను రాను.

❖

హైదరాబాదు,
6 ఆగస్టు.

రాజేశ్వరమ్మ గారికి నమస్కారములు. బాగా ఆలోచించి, పెట్టవచ్చుననే నిర్ణయించాను.

మీరు కోరిన కాగితం ఇప్పుడే ఇవ్వలేను. ఒకటి అడుగుతాను: సొత్తు ఏది? నేరంలో అన్నీ అబద్ధం చెప్పవచ్చు. మనిషి, కాలు, ముడి, ఒప్పుకోలు, ఏదైనా సరే. సొత్తు అబద్ధం చెప్పదు. సొత్తు ఎవరింట్లో ఉంటుందో వాడే దొంగ. ముప్ఫై నాలుగేళ్ళ సర్వీసులో ఈ సూత్రం ఒక్కసారీ తప్పలేదు. కాసులపేరు చూపించండి. ఆ క్షణమే కాగితం రాసి, స్వయంగా తెచ్చి ఏలీయా చేతికిస్తాను. ఇది పోలీసు మాట.

ఈలోగా ఒక ఫొటో పంపుతున్నాను. పత్రికలకి ఇవ్వడానికి తీయించింది. షోకేసు ముందు నిలబడి, ఆనాటి కొబ్బరికాయను చెవి దగ్గర పెట్టుకుని ఊపుతున్నాను. ఊపితే ఈనాటికీ గలగలమంటుంది. ఆ చప్పుడు డైరెక్టరు గారికి ఎంతో నచ్చి, కార్యక్రమం మొదట్లో అదే సంగీతంగా వాడుతున్నారు. మా కర్నూలు వైపు కొబ్బరికాయను కొట్లో చూడటమే గాని, ఇన్నేళ్ళు మోగుతుందని ఎవరూ ఎరగరు. మీ కోనసీమ కాయ గొప్పతనమే వేరు.

భవదీయుడు,
కె. గౌరీశంకరం.

తా.క. ఆవకాయ సంగతి కనుక్కున్నాను. జాడీ పనికిరాదు. పగలగొట్టి ఆయుధంగా వాడే అవకాశం ఉంది. మీ విషయంలో మరీ.

❖

ముక్తేశ్వరం,
14 ఆగస్టు.

గౌరీశంకరం గారికి రాజేశ్వరమ్మ నమస్కరించి రాయించడం.

ఫొటో అందింది. చాలా బాగున్నారు. జుట్టు కాస్త పలచబడింది, ఫరవాలేదు.

బాబూ, ఆ కాయ మా అటక మీద కాయ. కేసు అయిపోయేక సొంతదారుకి తిరిగివ్వాలి కదా? నాకు పార్సెలు చేసి పంపండి. కాయ నా చేతికి వచ్చిన రోజు, సొత్తు ఎవరింట్లో ఉందో సాక్ష్యంతో సహా చూపిస్తాను. అయినవిల్లి విఘ్నేశ్వరుడి మీద ఒట్టు.

ఇట్లు,
రాజేశ్వరమ్మ (వేలిముద్ర).

(అయ్యా, నాకు భయంగా ఉందండి. అమ్మగారు ఫొటోని పావుగంట చూసేరు. తర్వాత గొంతు తగ్గించి మాట్లాడుతున్నారు. 'గారు' అని ఆవిడే పెట్టించేరు. గేదెని కూడా ఏమీ అనడం లేదు. — మాణిక్యాలరావు.)

❖

హైదరాబాదు,
1 సెప్టెంబరు.

రాజేశ్వరమ్మ గారికి నమస్కారములు.

నేరస్థురాలు ఒప్పుకోలుకు సిద్ధపడితే చిన్న కోరికలు తీర్చాలన్నది పాత పద్ధతి. అందుకే యూనిట్టు ప్రయాణాన్ని మీ ఒప్పుకోలు దాకా వాయిదా వేయించి, కాయను రిజిస్టరు పార్సెలులో పంపాను. పోస్టాఫీసు గుమాస్తా పైన చిరునామా చదివి, "కోనసీమకి కొబ్బరికాయా?" అని, వెనక వరసలో అందరికీ వినపడేలా ఇంకోసారి అడిగాడు. క్యూలో ఒకాయన గోదావరికి నీళ్ళు కూడా పంపుతున్నారా అన్నాడు. మీ కోసం ఈ వయసులో ఇది కూడా పడ్డాను.

షరతులు: కాయ మీద దెబ్బ పడకూడదు. తాడు విప్పకూడదు. లోపలి చప్పుడు చెడకూడదు.

భవదీయుడు,
గౌరీశంకరం.

తా.క. షోకేసు బోసిగా ఉంది. మా ఆవిడ అక్కడ ప్లాస్టిక్ చిలకని పెట్టింది. త్వరగా పంపండి.

❖

ముక్తేశ్వరం,
12 సెప్టెంబరు.

గౌరీశంకరం గారికి రాజేశ్వరమ్మ రాయించడం. ముందు ఒక గ్లాసుడు మంచినీళ్ళు తాగి అప్పుడు చదవండి. కాఫీ వద్దు.

నాకు అక్షరం రాదు గాని ఫొటో చదవడం వచ్చు. మీరు కాయని చెవి దగ్గర పెట్టి ఊపుతుంటే ఒళ్ళు జల్లుమంది. అచ్చం మా అత్తగారే. మంచం మీద పదకొండు రోజులు అదే చేసింది. పైకి చూపించడం, గుప్పిట చెవి దగ్గర ఊపడం. మీరు 'పైన చప్పుడు' అన్నేరు. మా ఆయన 'దేవుడు పిలుస్తున్నాడు' అన్నేరు. నేను చెవిపోటనుకుని వెల్లుల్లి నూనె పోసేను. పోసిన కొద్దీ ఊపింది, ఊపిన కొద్దీ పోసేను. కాయని చెవి దగ్గర పెట్టి ఊపకుండా మా సీమలో ఎవడూ కొనడు, అమ్మడు. అంతమందిమి కొబ్బరిచెట్ల కింద పుట్టినవాళ్ళం ఆ మంచం చుట్టూ నిలబడ్డాం. ఒక్కళ్ళకి తట్టలేదు.

ఇంక రెండోది. కురిడీ కాయ ఊపితే డొకడొకమంటుంది. అది కూడా ఓ ఏడాది. తర్వాత పురుగు తినేసి పిండైపోతుంది, చప్పుడే ఉండదు. ఇరవయ్యేడేళ్ళ కాయ గలగలమందని మీరే రాసేరు. గలగలమనేది కొబ్బరి కాదు బాబూ.

పార్సెలు రాగానే ఏలీయాకి కబురు పెట్టేను. వచ్చి దడి దగ్గర నిలబడ్డాడు.

"ఏలీయా, ఈ కాయ కొట్టాలి."

"దడి మీంచి ఇయ్యండమ్మగారూ. ఇక్కడే కొట్టేస్తానండి."

"ఇవ్వను. లోపలికొచ్చి కొట్టు."

"ఇన్నాళ్ళకి ఎందుకండీ..."

"రాకపోతే నేనే దడి దూకుతాను. నా కాలు సంగతి హైదరాబాదు దాకా తెలుసు."

నవ్వేడు. గేటు తీసి, ఒక కాలు లోపల పెట్టి ఆగేడు. ఏం పోలేదు కదా అన్నట్టు చుట్టూ చూసేడు. అప్పుడు రెండో కాలు పెట్టేడు.

కాయ చేతికి తీసుకుని ముడి చూసేడు. "ఇది దింపు ముడి కాదండీ. పెద్దమ్మగారు ఊరగాయ జాడీకి వాసెన కట్టే ముడండి."

"మరి అప్పుడు చెప్పలేదేంరా?"

"నన్నెవరడిగేరండీ? తీసేవా లేదా అనే అడిగేరు గాని."

తాడు కోసి, డొక్క తీసేడు. లోపల చిప్పని మూతలా కోసి, లక్కతో మళ్ళీ అంటించి ఉంది. మా అత్తగారి పనితనం. ఎవర్నీ నమ్మేది కాదు మహాతల్లి, పెట్టెని కూడా. బండకేసి ఒక్క దెబ్బ కొట్టేడు. కాసులపేరు జారి మా గుమ్మంలో పడింది. మాణిక్యాలరావు సాక్షి. నోరు తెరిచినవాడు ఇప్పటికీ సరిగ్గా ముయ్యలేదు.

ఏలీయా చేతులు వెనక్కి పెట్టేసుకున్నాడు. "నేను ముట్టుకోనండి."

వాడి చెయ్యి లాగి అందులో పెట్టేను. "పట్టుకో. దీని కోసమే కదా నాలుగు నెలలున్నావు, ఎలా ఉంటుందో చూడు."

అటూ ఇటూ తిప్పి చూసేడు. "ఇంతేనాండీ? ఇంకా పెద్దదనుకున్నానండి."

ఇద్దరం నవ్వేం. తర్వాత ఇద్దరం ఏడ్చేం. చప్పుడు చేస్తూనే ఏడ్చేం. మజ్జిగ అరుగు మీద కూచుని తాగేడు.

అది అయింది. ఇంక మీ సంగతి. కిందపడ్డ కాయ దేవుడికి పనికిరాదని ఆ రోజు నేను వదిలేశాను. అదే కొట్టి ఉంటే ఇదంతా లేదు, అది నా ఖర్మ. కాని వదిలేసిన కాయని ఎత్తుకుపోయింది ఎవరు? సొత్తు ఎవరింట్లో ఉంటుందో వాడే దొంగ అని రాసిందెవరు? ఇరవయ్యేడేళ్ళు మా సొత్తు మీ షోకేసులో ఉంది. పైగా వార్నిష్ వేయించేరు. ఇంటికొచ్చిన ప్రతివాడికీ ఊపి వినిపించేరు. ఇంత ధైర్యమున్న దొంగని నేను ఎక్కడా చూడలేదు.

మీ యూనిట్టుని తీసుకుని రండి. బొమ్మ తియ్యండి. అనుమతి ఇచ్చేను. కాగితం మీ చేత్తో రాసి తెచ్చి ఏలీయాకి ఇవ్వండి, వాడి మనవలు చూస్తుండగా. గుమ్మం చాటున నిలబడి ఏడ్చే పాత్ర ఖాళీగా ఉంది, మాటలు లేవు, మీకు సరిపోతుంది.

ఇట్లు,
ఆడవాళ్ళు లోపలికెళ్ళండమ్మా అనిపించుకున్న
రాజేశ్వరమ్మ (వేలిముద్ర).

తా.క. వచ్చే ముందు మీ కుడి పాదానికి పసుపు రాసి కాగితం మీద అద్ది పంపండి. ఫారం ఒకటి చాలకపోతే రెండు అంటించుకోండి.

ఇంకో తా.క. ఏ పూటకి వస్తారో రాయండి. దొంగకి అన్నం పెడతానని జూన్‌లోనే మాటిచ్చాను. కాఫీ మాత్రం, నా వాంగ్మూలం రాసుకున్నాకే.